ఏమీ అడగకుండా చూసే కెమెరా: బరంపురంలో మా ఇంటి డాక్యుమెంటరీ

బరంపురంలో వీడియో స్టూడియోలకు కొదవ లేదు. పెళ్లి అయినా, ఒడుగు అయినా, గృహప్రవేశమైనా ఇద్దరు ముగ్గురు కెమెరామెన్లు, ఒక డ్రోన్, వెనక సినిమా పాటలు, చివర్లో బరువైన ఆల్బం, ఇదీ ఇక్కడ స్థిరపడిన పద్ధతి. నేను రాయబోతున్న సేవ దీనికి పూర్తిగా భిన్నమైనది. మా ఊళ్లోనే ఉంటూ డాక్యుమెంటరీలు తీసే ఒక దర్శకుడు, కోరిన కుటుంబాల ఇళ్లకు వెళ్లి, ఏ వేడుకా లేని మామూలు రోజుల్లో ఆ ఇంటివాళ్లు చేసుకునే పనులనూ చెప్పుకునే మాటలనూ జరిగినవి జరిగినట్టుగా చిత్రించి, వాటిని కూర్చి ఒక పూర్తి చిత్రంగా తయారు చేసి ఇస్తారు. ఏడాదికి కొద్ది ఇళ్లు మాత్రమే ఒప్పుకుంటారు కనుక తన పేరు రాయవద్దని ఆయన కోరారు, నేనూ రాయడం లేదు. మా పెదనాన్నగారి మగ్గం గురించి ఆయన చేత తీయించుకున్న చిత్రం ఇటీవలే మా చేతికి వచ్చింది. ఇటువంటి పని చేయించుకోవాలనుకునే తెలుగు కుటుంబాలు గంజాం, గజపతి, రాయగడ జిల్లాలలో ఇంకా ఉంటాయని నా నమ్మకం. వారికి ఉపయోగపడాలని ఇది రాస్తున్నాను.

మాది దేవాంగుల కుటుంబం. 1936లో ఒడిశా ప్రత్యేక రాష్ట్రంగా ఏర్పడి, అంతవరకు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న ఈ ప్రాంతం దానిలో కలిసినప్పుడు ఇక్కడే ఉండిపోయిన వేలాది తెలుగు కుటుంబాలలో మాదీ ఒకటి. బరంపురం పట్టు అనగానే అందరికీ గుర్తుకు వచ్చే గుడి గోపురాల వరుస వంటి కుంభం అంచును మా తాతల కాలం నుంచి మా ఇంట్లో నేస్తున్నారు. ఆ చీరకూ, మగవారు కట్టుకునే జోడుకూ కలిపి భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. గుర్తింపు వచ్చినా నేసే చేతులు తగ్గిపోతూనే ఉన్నాయి. మా వీధిలో ఒకప్పుడు ఏ గుమ్మం ముందు నడిచినా మగ్గం చప్పుడు వినిపించేది. ఇప్పుడు మా బంధువర్గంలో గుంట మగ్గం మీద కూర్చునేవారు పెదనాన్న ఒక్కరే. ఆయన పిల్లలు సూరత్‌లోనూ హైదరాబాద్‌లోనూ ఉద్యోగాలు చేసుకుంటున్నారు. ఆ మగ్గం ఆగిపోయేలోపు దాన్ని చిత్రంగా దాచుకోవాలన్నది మా పెద్దన్నయ్య ఆలోచన.

మొదట మేము మాట్లాడింది పెళ్లిళ్లకు వచ్చే ఒక స్టూడియోతో. పెదనాన్నకు కొత్త పంచె కట్టించి, మగ్గం పక్కన కుర్చీ వేసి కూర్చోబెట్టి, చేనేత గొప్పతనం గురించి ప్రశ్నలు అడిగి, మధ్యమధ్యలో వీణ సంగీతం వేసి ఇస్తామన్నారు. పనిలో వారు నేర్పరులే, సందేహం లేదు. కానీ పెదనాన్న కుర్చీలో కూర్చుని చేనేత గురించి మాట్లాడగా మేమెవరమూ ఎన్నడూ వినలేదు. ఆయనకు తెలిసినదంతా చేతుల్లో ఉంది. ఆయన మాట్లాడేది తెగిన పోగుతోనూ, మనవడితోనూ, పట్టు ఇచ్చే వ్యాపారితోనూ.

డాక్యుమెంటరీ దర్శకుడు మొదటిసారి వచ్చినప్పుడు కెమెరా తీసుకురాలేదు. మగ్గం గదిలో ఒక మూల చాలాసేపు కూర్చుని, ఎవరు ఏ వేళకు వస్తున్నారో, వెలుగు ఎటు నుంచి పడుతోందో, వీధి చప్పుళ్లు ఎంతవరకు వినిపిస్తున్నాయో చూసుకుని వెళ్లారు. తర్వాత తన షరతులు చెప్పారు. తాను ఎవరినీ ప్రశ్నలు అడగరు. చేసిన పనిని మళ్లీ చేసి చూపించమనరు. చిత్రంలో వ్యాఖ్యానం ఉండదు, బయటి నుంచి తెచ్చి కలిపే సంగీతం ఉండదు. ఎవరైనా కెమెరా వైపు తిరిగి తనతో మాట్లాడితే మర్యాదగా సమాధానం చెబుతారు కానీ, మాట్లాడమని తానుగా ప్రోత్సహించరు. ఠాకురాణీ జాతరకు వచ్చి తీస్తే బాగుంటుందని మా వాళ్లు సలహా ఇచ్చారు. రెండేళ్లకోసారి జరిగే ఆ జాతరలో అమ్మవారిని పుట్టింటి ఆడపడుచుగా తీసుకువచ్చేది మా దేవాంగుల ఇంటికే కాబట్టి ఆ సలహా సహజమే. జాతరకు అందరి కెమెరాలూ వస్తాయి, మంగళవారం మధ్యాహ్నం మగ్గం గదికి ఎవరూ రారు, నేను దానికే వస్తాను అన్నారాయన. ఈ పనిని ఆయనకే అప్పగించాలని నేను నిశ్చయించుకున్నది ఆ మాటతోనే.

ఆయన అనుసరించే పద్ధతికి అరవై ఏళ్లకు పైబడిన చరిత్ర ఉంది. మన దేశంలో డాక్యుమెంటరీ అనగానే నా తరం వారికి గుర్తుకు వచ్చేది, సినిమా హాల్లో అసలు సినిమాకు ముందు తప్పనిసరిగా వేసే ఫిల్మ్స్ డివిజన్ చిత్రాలు. 1948లో మొదలైన ఆ సంస్థ విలువైన చిత్రాలు ఎన్నో తీసింది. అయితే వార్తాచిత్రాలు చూసి చూసి మనకు ఒక అలవాటు పడిపోయింది. తెర మీద రైతు నాగలి పట్టుకుంటే, వెనక నుంచి ఒక గంభీరమైన గొంతు ఆ రైతు ఎవరో, ఏమి చేస్తున్నాడో, దేశానికి దానివల్ల కలిగే మేలు ఏమిటో మొత్తం చెప్పేస్తుంది. రైతు మాత్రం మాట్లాడడు. మాట్లాడకపోవడానికి సాంకేతిక కారణం కూడా ఒకటి ఉండేది. మోయదగిన కెమెరాతో బొమ్మనూ, దానికి సరిపోయేలా ధ్వనినీ ఒకేసారి పట్టుకోవడం చాలాకాలం కష్టంగా ఉండేది. ఆ చిక్కు వీడిన తొలి సందర్భాలలో ముఖ్యమైనది 1960లో అమెరికాలో వచ్చింది. విస్కాన్సిన్ రాష్ట్రంలో కెనెడీ, హంఫ్రీల మధ్య జరిగిన పార్టీ అభ్యర్థిత్వ పోటీని రాబర్ట్ డ్రూ బృందం భుజాన మోసే కెమెరాతో, వెంట నడిచే ధ్వని పరికరంతో చిత్రించింది. నాయకుడు జనంలోకి నడుస్తుంటే కెమెరా అతని వెనకే నడిచింది. ఆ తర్వాత ఈ దారిని అందరికంటే దూరం తీసుకువెళ్లినవారు ఫ్రెడరిక్ వైజ్‌మన్. న్యాయశాస్త్రం బోధించిన ఆయన ఆసుపత్రి, పాఠశాల, సంక్షేమ కార్యాలయం, గ్రంథాలయం వంటి చోట్లకు వెళ్లి, వారాల తరబడి అక్కడి రోజువారీ వ్యవహారాన్ని తీశారు. ధ్వని తానే పట్టేవారు, కూర్పు తానే చేసేవారు, ప్రశ్నలు కానీ వ్యాఖ్యానం కానీ ఉండేవి కావు. మా దర్శకుడు తన గురువుగా చెప్పుకునేది ఆయననే.

గురువు పేరు చెప్పుకోవడం తేలికే. ఆ పద్ధతిని ఒక చీకటి మగ్గం గదిలో పాటించడం ఎంత కష్టమో నేను దగ్గరుండి చూశాను. మా గది పాత పెంకుటిల్లులో ఉంది. ఉత్తరం వైపు ఒక చిన్న కిటికీ, మగ్గానికి పైన వేలాడే ఒక బల్బు, వెలుగు అంతే. గుంటలో కాళ్లు పెట్టుకుని కూర్చునే మనిషి ముఖం సగం ఎప్పుడూ నీడలోనే ఉంటుంది. పైకప్పు పెంకులు నాలుగు తీయించమంటారా అని అన్నయ్య అడిగితే ఆయన వద్దన్నారు. 1922లో ఎస్కిమోల జీవితంపై వచ్చిన ప్రసిద్ధ చిత్రం కోసం రాబర్ట్ ఫ్లాహర్టీ మంచు ఇంటిని సగానికి కోయించి, ఆ సగం ఇంట్లో కుటుంబాన్ని చలిలో పడుకోబెట్టి చిత్రించవలసి వచ్చిన సంగతి చెప్పారు. అప్పటి కెమెరాకు లోపలి వెలుగు చాలదు కాబట్టి అలా చేశారని, ఇప్పటి కెమెరాలకు ఆ సాకు లేదని ఆయన అభిప్రాయం. చివరికి చేసిన మార్పు ఒక్కటే. మసిపట్టిన పాత బల్బును తుడిచారు, అదీ పెద్దమ్మను అడిగి. చిత్రంలో ఆ గది ఇప్పుడు మాకు తెలిసిన గదిలాగే ఉంది. పట్టు మీద మాత్రమే మెరుపు, మిగతాదంతా మసక.

తీసిన రోజుల గురించి వివరంగా చెప్పాలి, ఎందుకంటే సేవలోని విలువ అంతా అక్కడే ఉంది. మొదట్లో ఇంటివాళ్లు సహజంగా ఉండలేదు. పెదనాన్న నడుము నిటారుగా పెట్టి, అడ్డపోగును అటూ ఇటూ తీసుకువెళ్లే నాడెను మామూలు కంటే వేగంగా విసిరారు. పెద్దమ్మ ఉదయమే చీర మార్చుకుని వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. మేనకోడలు మాటిమాటికీ కెమెరా వైపు చూసి నవ్వింది. దర్శకుడు ఏమీ అనలేదు, కెమెరా ఆపలేదు కూడా. ఒకరే మనిషి, ఒక చిన్న కెమెరా, చొక్కాకు తగిలించే మైకు ఒకటి, చేతికర్రకు కట్టిన మైకు ఒకటి, ఇంతే ఆయన సరంజామా. తలుపు పక్కన నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చునేవారు. అలా రోజులు గడిచేకొద్దీ ఇంట్లో ఆయన ఉనికి మాకు అలవాటైపోయింది. "ఏటి నాయనా, ఇలాగ కూకుండిపోతే ఎలాగ, టీ అయినా తాగు" అని పెద్దమ్మ ఆయన పక్కన గ్లాసు పెట్టి వెళ్లిపోతారు. ఆ గ్లాసు చిత్రంలో ఒక దృశ్యం అంచున అలాగే ఉంది. దాన్ని ఆయన తీసేయలేదు. అక్కడ ఒక కెమెరా ఉందన్న నిజాన్ని దాచకపోవడం నాకు నచ్చింది. కెమెరా ఉన్నచోట మనుషులు కొంత మారతారని, మారలేదని నటించే చిత్రం అబద్ధమని ఆయన స్పష్టంగానే చెబుతారు.

చిత్రంలో నన్ను అన్నిటికంటే ఎక్కువగా కదిలించిన దృశ్యంలో మాటలు దాదాపు లేవు. నేత సాగుతుండగా పడుగులో, అంటే నిలువు పోగుల్లో, ఒక పోగు తెగుతుంది. మగ్గం చప్పుడు ఆగిపోతుంది. పెదనాన్న ముందుకు వంగి, కళ్లజోడు పైకి తోసుకుని, వేలాది పోగుల మధ్య తెగిన కొసను చూపుతో కాకుండా వేలికొనతో వెతుకుతారు. దొరికిన కొసను బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పెట్టుకుని, చిన్న ముక్క పట్టు పోగును దానికి అతికి, పోగులను విడివిడిగా పట్టి ఉంచే అచ్చు కన్నంలో నుంచి లాగి, రెండో వైపు బిగిస్తారు. కెమెరా ఆయన వేళ్ల మీద నుంచి కదలదు. దృశ్యం మధ్యలో కోత లేదు. వీధిలో ఐస్‌క్రీం బండి పాట వచ్చి వెళ్లిపోతుంది, పక్కగదిలో కుక్కర్ కూత వినిపిస్తుంది, పెదనాన్న గొణుగుతూ ఆ పోగును తిడతారు, మళ్లీ బుజ్జగిస్తారు. ముడి పడ్డాక నాడె మళ్లీ కదులుతుంది. నేను పుట్టినప్పటి నుంచి ఆ గదిలోకి వస్తూ పోతూ ఉన్నాను. పోగు తెగడం వందల సార్లు చూసి ఉంటాను. దాన్ని మొదటి నుంచి చివరి దాకా ఓపికగా చూసింది మాత్రం ఈ చిత్రంలోనే. ఇంటర్వ్యూలో పెదనాన్నను మీ పనిలోని కష్టం ఏమిటని అడిగి ఉంటే, ఏముంది బాబూ అలవాటే అని ఉండేవారు.

రెండో గొప్ప దృశ్యం వ్యాపారి వచ్చినది. నేసిన చీరను మగ్గం నుంచి కోసి, మడత పెట్టి, చాప మీద పరుస్తారు. వ్యాపారి ఒడియాలో మాట్లాడుతూ అంచును వెలుగుకు పెట్టి చూస్తాడు, కొంగు దగ్గర వేలితో రుద్దుతాడు, ఒక చోట ఆగుతాడు. పెదనాన్న ఒడియాలోనే తక్కువ మాటల్లో జవాబిస్తారు. పెద్దమ్మ గుమ్మం దగ్గర నిలబడి తెలుగులో ఒక్క మాట అందిస్తారు, అది వ్యాపారికి అర్థమవుతుందని ఆమెకు తెలుసు. ధర తేలేలోపు మధ్యలో వచ్చే మౌనాలను దర్శకుడు కత్తిరించలేదు. కూలి ఎంత, పట్టు ఎవరిది, లాభం ఎవరికి అనే విషయాలు చెప్పే వ్యాఖ్యానం ఒక్క ముక్క లేకపోయినా, ఆ మౌనాల్లో మొత్తం లెక్క మనకు తెలిసిపోతుంది. ఇందులో వ్యాపారిని దుర్మార్గుడిగా చూపించే ప్రయత్నం ఎక్కడా లేదు. అతను వెళ్లేముందు పెదనాన్న మోకాలి నొప్పి గురించి అడిగి, మందు షాపు పేరు చెప్పి వెళ్తాడు. ఆ రెండు నిమిషాలు ఉంచడం వల్లనే ఈ దృశ్యం ఇంత నిజంగా అనిపిస్తుంది.

ఇది చూసి, కెమెరా పెట్టి వదిలేస్తే చిత్రం దానంతటదే వస్తుందని అనుకోకూడదు. తీసినదాంట్లో మాకు చేరింది చాలా చిన్న భాగం. వైజ్‌మన్ కూడా ఒక్కో చిత్రానికి దాదాపు వంద గంటల దృశ్యాలు తీసి, కూర్పుకు ఏడాది వరకు వెచ్చించేవారు. తన చిత్రాలు నిష్పాక్షికమని ఆయన ఎన్నడూ చెప్పుకోలేదు. ఏది ఉంచాలి, దేని పక్కన దేన్ని పెట్టాలి అన్న ఎంపికలోనే దర్శకుడి అభిప్రాయం ఉంటుంది. మా చిత్రంలో మనవడు ఫోన్‌లో సూరత్‌లోని తండ్రితో మాట్లాడే దృశ్యం వెంటనే, ఖాళీగా ఉన్న రెండో మగ్గం వస్తుంది. ఆ రెండూ ఒకే రోజు తీసినవి కావని నాకు తెలుసు. అయినా ఆ కూర్పును నేను తప్పుపట్టను. ఆ ఇంటి గురించి అది చెప్పే మాట నిజం. రోజుల వరుసను మార్చానని ఆయన మాకు ముందే చెప్పారు కూడా.

కూర్పులో బలహీనతలూ ఉన్నాయి. బజారు భాగం అవసరానికి మించి సాగింది. అప్పడాల దుకాణాలు, పచ్చళ్ల జాడీలు, రిక్షాలు, గుడి గంటలు, ఇవన్నీ ఊరిని పరిచయం చేసే బొమ్మలే తప్ప పెదనాన్న జీవితంలోకి తీసుకువెళ్లేవి కావు. ఆయన బజారుకు వెళ్లేది నెలకు రెండు మూడుసార్లు, అదీ బ్యాంకు పనికి. బ్యాంకులో ఆయన వరుసలో నిలబడిన దృశ్యం తీసే అవకాశం లేకపోయి ఉండవచ్చు, అనుమతి కావాలి కదా. ఆ లోటును పచ్చళ్ల జాడీలతో పూరించకుండా ఉంటే బాగుండేది. చిత్రం గంటన్నరకు కాస్త తక్కువ ఉంది. ఈ భాగం తగ్గిస్తే ఇంకా చిక్కగా ఉండేది.

ఇక అనుమతుల విషయం. ఈ సేవలో నాకు అసంతృప్తి కలిగించినది ఇదే. గమనిస్తూ తీసే పద్ధతిలో ఎదుటివారు మరచిపోయిన క్షణాలే విలువైనవి కాబట్టి, ఆ మరపును వాడుకుంటున్నామన్న బాధ్యత తీసేవారి మీద ఎప్పుడూ ఉంటుంది. ఈ ప్రశ్న ఈ కళకు పాతదే. మసాచుసెట్స్‌లో నేరస్థులైన మానసిక రోగులను ఉంచే ఒక ప్రభుత్వ ఆసుపత్రిపై వైజ్‌మన్ 1967లో తెచ్చిన తొలి చిత్రాన్ని, రోగుల గోప్యత కారణంగా ఆ రాష్ట్ర న్యాయస్థానం సాధారణ ప్రదర్శనకు అనుమతించలేదు. ఆ ఆంక్ష 1991 దాకా తొలగలేదు. ఆ చిత్రం అక్కడి క్రూరత్వాన్ని బయటపెట్టిన మాట నిజమే, అందులో నగ్నంగా నిలబడిన రోగులు తమ అంగీకారాన్ని అర్థం చేసుకుని ఇవ్వగల స్థితిలో ఉన్నారా అన్నదీ న్యాయమైన ప్రశ్నే. మా ఇంటి విషయం అంత పెద్దది కాదు. పెద్దమ్మ ఒక సాయంత్రం చెల్లెలితో పాత అప్పు గురించి, దానిలో ఒక బంధువు ప్రవర్తన గురించి మాట్లాడారు. అది కెమెరాలో పడింది. తొలి కూర్పును ఇంట్లో అందరినీ కూర్చోబెట్టి చూపించినప్పుడు ఆమె దాన్ని తీసేయమన్నారు, ఆయన అక్కడికక్కడే ఒప్పుకుని తీసేశారు. ఇలా ఎవరిని తీశారో వారికే ముందుగా చూపించి మాట్లాడించే ఆచారానికి ఫ్రాన్స్‌లో మంచి ఉదాహరణ ఉంది. జాన్ రూష్, సామాజికశాస్త్రవేత్త ఎడ్గార్ మొరాన్ కలిసి పారిస్ ప్రజలపై తీసి 1961లో విడుదల చేసిన చిత్రంలో, తాము తీసిన మనుషులనే హాల్లో కూర్చోబెట్టి, తెర మీద తమను తాము చూసుకున్నాక ఏమనుకుంటున్నారో అడిగి, ఆ చర్చను కూడా చిత్రంలో చేర్చారు. మా దర్శకుడు ఇంటివాళ్లకు ఆ గౌరవం ఇచ్చారు.

అయితే ఇంటివాళ్లు కానివారి సంగతి? మాకు నాడెలో పెట్టే పట్టు కండెలు చుట్టి పెట్టడానికి పక్క వీధి నుంచి ఒక ఆమె వస్తారు. రాట్నం ముందు కూర్చుని ఆమె తన ఇంటి కష్టం చెప్పుకున్న మాటలు తొలి కూర్పులో ఉన్నాయి. ఇంట్లో అది చూపించిన రోజు ఆమెను పిలవలేదు. ఈ సంగతి నేను ఎత్తేదాకా ఎవరూ ఆలోచించలేదు. దర్శకుడు తర్వాత ల్యాప్‌టాప్ పట్టుకుని వాళ్లింటికి వెళ్లి, ఆమెకూ ఆమె కొడుక్కూ చూపించి, ఆమె ఒప్పుకున్న భాగం మాత్రమే ఉంచారు. అలా వెళ్లినందుకు ఆయనను మెచ్చుకుంటాను. కానీ ఇది నేను గుర్తు చేస్తే జరగవలసిన పని కాదు. డబ్బు ఇచ్చి చిత్రం తీయించుకునేది ఇంటి యజమాని కాబట్టి అతని సమ్మతి ఒక్కటే చాలు అనే ధోరణి, కూలికి వచ్చేవారి పట్ల మనకు ఉన్న పాత అలవాటే. ఒప్పంద పత్రంలో కెమెరాలో కనిపించే ప్రతి మనిషికీ తొలి కూర్పు చూసే హక్కు, వద్దనే హక్కు రాసి ఉండాలి. ఇప్పుడు ఆ వాక్యం చేర్చుతానని ఆయన అన్నారు. మీరు ఒప్పందం చేసుకునేటప్పుడు అది ఉందో లేదో చూసుకోండి.

ధ్వని నాణ్యత చాలా బాగుంది. మగ్గం చప్పుడు ఇంత స్పష్టంగా, చెవికి మోటుగా తగలకుండా పట్టినవారిని నేను ఇంతకు ముందు చూడలేదు. తెర కింద వచ్చే అక్షరాల (సబ్‌టైటిల్స్) దగ్గర మాత్రం మొదట ఇబ్బంది పడ్డాం. మా ఇంట్లో మాట్లాడేది గంజాం తెలుగు, మధ్యలో ఒడియా వచ్చి పోతూ ఉంటుంది. ఒడియా మాటలకు తెలుగు అనువాదం ఇవ్వడం సరైనదే. తెలుగు మాటలను కూడా ఎవరో పాఠ్యపుస్తకపు తెలుగులోకి దిద్ది పెట్టారు. పెద్దమ్మ నోటి మాట ఒకటి, తెర మీద మాట ఇంకొకటి. వాడుక తెలుగు కోసం జీవితాంతం పోరాడిన గిడుగు రామమూర్తి పంతులు ఉద్యోగం చేసినదీ, కొండల్లోని సవరల భాషను వారి నోటి నుంచే విని నేర్చుకుని, దానికి వ్యాకరణం, నిఘంటువు రాసినదీ ఇక్కడికి దగ్గరలోని పర్లాకిమిడిలో ఉంటూనే. అటువంటి ప్రాంతంలో, మనుషులను ఉన్నవారిని ఉన్నట్టు చూపిస్తానని వచ్చిన చిత్రం వారి మాటను దిద్దడం నాకు బాధ కలిగించింది. చెప్పగానే ఆయన అంగీకరించి, మాట ఎలా పలికితే అలాగే రాయించారు. దీనివల్ల ఇంకొంత ఆలస్యమైంది, ఫరవాలేదు.

ఆలస్యం గురించి కూడా చెప్పాలి. అనుకున్న గడువు రెండుసార్లు వెనక్కి జరిగింది. పెళ్లిళ్ల కాలంలో ఆయనా జీవనం కోసం పెళ్లి వీడియోలు ఒప్పుకోక తప్పదని నాకు అర్థమైంది. అప్పుడు ఫోన్‌కు దొరకడం కష్టం. ఖర్చు ఇక్కడి మామూలు పెళ్లి వీడియో కంటే ఎక్కువే అవుతుంది. అయితే ఆ ఖర్చులో కెమెరా అద్దె, డ్రోన్, ఆల్బం ఏవీ ఉండవు, అదంతా ఆయన మా ఇంట్లో నేల మీద కూర్చున్న కాలానికీ, తర్వాత కూర్పు బల్ల ముందు కూర్చున్న కాలానికీ ఇచ్చేది. ఆ లెక్కన నాకది ఎక్కువ అనిపించలేదు. చిత్రం పెన్‌డ్రైవ్‌లో వస్తుంది. ఒక్క పెన్‌డ్రైవ్‌ను నమ్ముకోవద్దు, వెంటనే మరో రెండు చోట్ల కాపీ చేసుకోండి. కూర్పులో పడని మూల దృశ్యాలు ఎవరివి, ఎంతకాలం దాస్తారు అనేది ముందే రాయించుకోవడం కూడా అవసరం. మా ఒప్పందంలో అది లేదు. అడిగితే, మేము హార్డ్‌డిస్క్ కొనిచ్చిన తర్వాత ఆయన ఆ దృశ్యాలను మాకు ఇచ్చేశారు. పెదనాన్న వేళ్లు, ఆ గది చప్పుళ్లు ఉన్న మిగిలిన గంటలు మా తర్వాతి తరానికి చిత్రం కంటే ఎక్కువ పనికి రావచ్చు.

సెల్‌ఫోన్‌తో మేమే తీసుకోవచ్చు కదా అని మా బంధువులు కొందరు అడిగారు. మేనకోడలు ప్రయత్నించింది కూడా. అరనిమిషం తీసి, పేరు పిలిచి, తాతా ఇటు చూడు అనకుండా ఇంటి మనిషి ఉండలేదు. పిలవకుండా ఊరుకునే ఓపిక బయటి మనిషికి కొంత తేలిక, అది నేర్చినవారికి మరీ తేలిక. వేగంగా సాగే చిత్రం కావాలన్నవారు, అతిథులకు చూపించుకునే వీడియో కావాలన్నవారు, ఇంట్లో జరిగే వాదులాటలు తెర మీద కనిపించకూడదనుకునేవారు ఈ సేవ జోలికి వెళ్లకపోవడం మంచిది. ఊరగాయలు పెట్టే అమ్మమ్మ, ఇంట్లోనే బడి నడిపే మాస్టారు, ఇచ్ఛాపురం సంతకు జీడిపప్పు తీసుకువెళ్లే బాబాయి, ఇలా చేతులతో బతికే పెద్దవారు ఇంట్లో ఉన్నవారికి మాత్రం నేను మనస్ఫూర్తిగా సిఫారసు చేస్తాను. వానాకాలంలో పెంకుల మీద వాన చప్పుడు మాటలను మింగేస్తుంది, పెళ్లిళ్ల నెలల్లో ఆయన దొరకరు. కార్తీకం దాటాక, ముహూర్తాలు లేని రోజులు చూసుకుని ముందుగా మాట్లాడుకోండి, మొదటి రోజు ఆయన కెమెరా లేకుండా వచ్చి కూర్చుంటే ఇంటివాళ్లను వారి పని వారు చేసుకోనివ్వండి.